నిష్క్రమణ అనే తిట్టు

ఆ రోజుల్లో నాకు అక్షరం ముక్క రాదు. ఇంతకాలం ఇది రాయకపోవడానికి కారణం అదే, వేరే రహస్యమేమీ లేదు. అరవై దాటాక మనవరాలి పక్కన కూర్చుని అఆలు దిద్దాను (బండి ఱ ఇప్పటికీ నన్ను వెక్కిరిస్తుంది). టీవీ హాస్య నాటికల్లో గయ్యాళి అత్తగా, పక్కింటి పిన్నిగా నన్ను చూసినవాళ్ళు "ఎక్కడ నేర్చుకున్నారమ్మా?" అని అడుగుతుంటారు. నేర్చుకోలేదు, జరిగిపోయింది.

పందొమ్మిది వందల అరవైల చివరి మాట. ఇల్లు తార్నాకలో, పని యూనివర్సిటీ ఆడపిల్లల హాస్టల్ వంటింట్లో. నాకు పద్దెనిమిదేళ్ళు. హాస్టల్ పిల్లల నాటకంలో అత్త వేషం కట్టాల్సిన అమ్మాయికి, నాటకం రేపనగా గవదబిళ్ళలు లేచాయి. నాటకం ఆడించే లెక్చరర్‌ను అందరం కడప సారు అనేవాళ్ళం. కూరగాయలామెతో నేను కొట్లాడుతుంటే విని, ఆయన నేరుగా వంటింట్లోకే వచ్చేశారు.

"ఏమ్మే, నీకు చదువొచ్చునా?"

"మస్తొస్తది సార్!" అనేశాను. రాదంటే వేషం పోతుంది. రోజూ నేను వడ్డించే పిల్లలు ఒక్కసారైనా తలెత్తి నన్ను చూడాలని ఎంత ఆశో నాకు!

సారు ఇచ్చిన వేషం కాగితాలు మా పెద్ద వంటామె చేతిలో పెట్టాను. ఏది చదివినా వార్తల్లాగా ఒకే గొంతుతో చదువుతుందని ఆమెను రేడియో అక్క అనేవాళ్ళం. ఆమె చదువుతుంటే పిండి పిసుకుతూ, సాయంత్రానికల్లా అంతా బట్టీ పట్టాను. అంతా అంటే అంతా.

మర్నాడు తెర లేచింది. కోడలు ముసుగుతన్ని పడుకుని ఉంది. నేను వెళ్ళి, "నడుము మీద చెయ్యి పెట్టి, కోపంగా. ఏమే కోడలా, ఇంకా తెల్లారలేదా?" అన్నాను. హాలు గొల్లుమంది. నాకు హుషారెక్కి, "పక్కకు తిరిగి, తనలో. దీని పొగరు దించుతా!" అని గొంతు పెంచాను. కోడలు దుప్పటి నోట్లో కుక్కుకుంది. తెర పక్కనుంచి కడప సారు, "అది చెప్పొద్దుమ్మే, చెయ్యి!" అని బుసకొట్టారు. మరిచిపోయిన మాట అందిస్తున్నారనుకుని, కోడలివైపు వేలు చూపించి, "అది చెప్పొద్దుమ్మే, చెయ్యి!" అన్నాను. ఇక మిగిలింది "నిష్క్రమణ". అంత కటువుగా ఉన్నది పెద్ద తిట్టు కాక మరేమిటి? కోడలి మొహం మీదికి వంగి, మెటికలు విరిచి, "నిష్క్రమణ!" అని శపించి వచ్చేశాను.

"చదువు రాదు కదా నీకు?" అన్నారు సారు.

"రాదు సార్. వేషం పోతదని అబద్ధమాడిన," అని ఏడ్చేశాను. బ్రాకెట్లలో ఉన్నవి చేసి చూపించాలే గాని పలకకూడదనీ, నిష్క్రమణంటే బయటికి వెళ్ళడమనీ ఆయనే చెప్పారు. చెబుతూ కళ్ళు తుడుచుకున్నారు, నవ్వీ నవ్వీ నీళ్ళొచ్చి.

"పోయేదేందిమ్మే? వచ్చే నాటకంలోనూ నువ్వే. నీకెవురన్నా అక్షరాలు నేర్పినారంటే వాళ్ళ కాళ్ళిరగ్గొడతా!"

(ఆ భయంతోనే కాబోలు, ఎవరూ నేర్పలేదు.)

తెల్లారి పనికి బయలుదేరుతూ గడపలో ఆగి, "అమ్మా, నిష్క్రమణ!" అన్నాను.

"ఏందే, పొద్దుగాల్నే తల్లిని తిడ్తున్నవా?" అన్నది అమ్మ.

ఎంత పొగరో ఆ పద్దెనిమిదేళ్ళ పిల్లకు! ఇప్పుడు కనబడితే ముద్దు పెట్టుకుందును. తిట్టు కాదని అమ్మకు చెప్పనైనా చెప్పకుండా, నడుము మీద చెయ్యి పెట్టుకుని క్యాంపస్ దాకా నడిచాను.