ఫాదర్‌కి పళని పంచామృతం

మా మామతో కారులో కొడైకెనాల్ పోవడం కంటే నడిచి పోవడం నయం. కోపంలో నోరు జారి అంటున్న మాట కాదిది. ఆరు నెలలు, నెలకొక శనివారం చొప్పున ఆయన పక్కన కూర్చుని పోయి వచ్చాక అంటున్నాను.

మాది ఉడుమలైపేట దగ్గర కొబ్బరితోటల ఊరు. ఇంట్లో తెలుగు మాట్లాడతాం, బడిలో తమిళం చదువుకుంటాం, ఉద్యోగంలో ఇంగ్లీషుతో నెట్టుకొస్తాం. తెలుగు అక్షరాలు నేను ముప్పై దాటాక నేర్చుకున్నాను, గ్రీకు అక్షరాలు ముప్పై ఎనిమిదో ఏట. ఇప్పుడు నాకు నలభై ఒకటి. కోయంబత్తూరులో ఒక కాలేజీలో చరిత్ర చెబుతాను. నా పదో ఏట నాన్న పోయాడు. అప్పటి నుంచి నన్ను చూసుకున్నది మా అమ్మ తమ్ముడు, అంటే ఈ మామే. స్పిన్నింగు మిల్లులో ముప్పై అయిదేళ్ళు చేసి రిటైరయ్యాడు. మిల్లులో నిలబడి నిలబడి మోకాళ్ళు అరిగిపోయాయి కానీ పెత్తనం మాత్రం అరగలేదు.

నా పరిశోధన దేని మీదో చెప్పిన రోజు మా అమ్మ వంటింట్లోంచి బయటికి రాలేదు. విషయం చాలా చిన్నది. మొదటి తరాల క్రైస్తవులు ఒక తిండి గొడవలో పడ్డారు. విగ్రహాలకు నైవేద్యం పెట్టినదాన్ని తినొచ్చా, తినకూడదా? ఆ కాలపు ఊళ్ళలో అంగట్లో అమ్మే మాంసం చాలావరకు గుడి మీదుగా వచ్చిందే. పక్కింటివాళ్ళు విందుకు పిలిస్తే వాళ్ళు వడ్డించేదీ అదే. వద్దంటే పక్కింటితో చెడుతుంది, తింటే కొత్త దేవుడితో చెడుతుంది. నాకు ఇది అచ్చం మా వీధి గొడవలా కనిపించింది, పట్టుకున్నాను. మావాళ్ళ చెవిన మాత్రం ఒక్క మాటే పడింది, పిల్ల మతం మారుతోందని. అన్నూరు నుంచి మా పెద్దమ్మ ఫోన్ చేసి, "ఏమే, బొట్టు ఉండాదా, చెరిపేస్తివా?" అని అడిగింది. వీడియో కాల్ పెట్టి నుదురు చూపించాను. అప్పటికీ నమ్మలేదు.

ఆ తిండి గొడవ గురించి ఒక పాత ఉపదేశకుడు గ్రీకులో రాసిన వివరణ ఉంది. ముప్పై పేజీలుంటుంది. నాకు పనికొచ్చే అనువాదం ఎక్కడా దొరకలేదు. నా మూడో అధ్యాయం మొత్తం దాని మీదే నిలబడాలి. దాన్ని నాతో కూర్చుని చదవగలిగిన మనిషి నాకు తెలిసి ఒక్కరే, కొడైకెనాల్‌లో పాద్రీలకు చదువు చెప్పే ఒక పాత భవనంలో ఉండే ఫాదర్. ఎనభై దాటాయి. కళ్ళు పోతున్నాయి. పొద్దున ఎనిమిది నుంచి పన్నెండు దాకా భూతద్దంతో చదవగలరు, ఆ తర్వాత నీళ్ళు కారి అక్షరం కనపడదు. పైగా జూన్ నెలలో ఆయన్ని మైదానంలో వృద్ధ పాద్రీల ఇంటికి పంపేయాలని పైవాళ్ళు నిర్ణయించారు. నెలకొకసారి రమ్మన్నారు. ఆరు పొద్దులు, ముప్పై పేజీలు. పొద్దుకి అయిదు పేజీలు లాగితే చాలు, సరిగ్గా సరిపోతుంది.

ముందు నేను ఒక్కదాన్నే బస్సులో పోదామనుకున్నాను. ఘాట్ రోడ్డు మొదటి మలుపుకే నాకు కడుపులో తిప్పుతుందని ఇంట్లో అందరికీ తెలుసు. మామ వెంటనే కారు తాళాలు తీశాడు. నా కడుపు కోసమో, నా మతం కోసమో ఆయన చెప్పలేదు, నేను అడగలేదు.

ఉడుమలైపేట నుంచి కొడైకెనాల్‌కి దారి పళని మీదుగానే. తెల్లవారుజామున అయిదుకు బయల్దేరితే ఎనిమిదిన్నరకి ఫాదర్ ముందు కూర్చోవచ్చు. మొదటి శనివారం అయిదుకే బయల్దేరాం. పళని చేరాక మామ కారు పక్కకు తీసి ఆపేశాడు.

"ఏమైంది మామా?"

"ఏమైందా? మురుగన్ కొండ కింద పోతా ఎక్కకుండా పోయేదా? సీక్రం వచ్చేస్తా, నువ్వు కార్లో ఉండు."

ఏడు వందల దాకా మెట్లు. పట్టాల మీద పైకి లాగే వించ్ ఉంది, రోప్ కారు ఉంది. మా ఇళ్ళలో మగవాళ్ళు అవి ఎక్కరు, మెట్లెక్కితేనే ఎక్కినట్టు. అది మురుగన్ పండగ తైపూసం ముందరి వారం, కావడి జనం కిటకిటలాడుతున్నారు. త్వరగా వస్తానన్న మామ సీక్రానికి మూడు గంటల పైన పట్టింది. నేను కారులో కూర్చుని గ్రీకు క్రియలు వల్లించుకుంటూ, మధ్యమధ్య ఆయన్ని తమిళంలోనూ తెలుగులోనూ తిట్టుకుంటూ గడిపాను. దిగి వచ్చి, పైన అర్చన చేయించిన పంచామృతం డబ్బా ఒకటి నా ఒళ్ళో పెట్టాడు.

"సామియారికి ఇయ్యి పాపా. పెద్దాయన కాడికి ఉత్త చేతుల్తో పోతామా?"

విగ్రహానికి పెట్టిన తిండిని క్రైస్తవ గురువుకి ఇవ్వాలట, అదీ దాని మీదే పరిశోధన చేస్తున్న నేను! ఆయనకు విడమరిచి చెబుదామా అనుకున్నాను. చెబితే మొహం చిన్నబుచ్చుకుంటాడు, "మన సామి పెట్టేది వాళ్ళకి పనికిరాదా?" అంటాడు, ఆ మాట అన్నూరు దాకా పోతుంది. డబ్బాను బ్యాగులో అడుక్కి తోశాను.

పదకొండున్నరకి చేరాం. ఫాదర్ ఎనిమిది నుంచి వసారాలో కుర్చీ వేసుకుని ఎదురుచూస్తున్నారట. రాగానే కాగితాలు ముందుకు లాక్కున్నారు. అరగంటలో ఒక పేజీ కూడా పూర్తి కాలేదు. మామకు బయట బెంచీ మీద టీ పంపించారు. శనివారాలు మామకు ఒక్కపొద్దు. పెరుమాళ్ళ పేరిట మా ఇళ్ళలో ఎప్పటి నుంచో ఉన్న నియమం, సాయంత్రం ఇంట్లో దీపం పెట్టేదాకా బయట చుక్క ముట్టడు. టీ తిరిగి వచ్చింది. ఫాదర్ నా వైపు చూశారు. క్రైస్తవుల ఇంట్లో తాగడని అనుకుంటారేమోనని నాకు ఒళ్ళు చచ్చిపోయింది. "మామకు షుగర్ ఉంది ఫాదర్" అన్నాను. ఆ రోజు నుంచి చక్కెర లేని టీ పోవడం మొదలుపెట్టింది. అదీ తిరిగి వచ్చేది.

దిగేటప్పుడు మామ అడిగాడు. "సామియారు తినినాడా?"

"తిన్నారు మామా. చాలా ఇష్టపడ్డారు. వేలితో తీసుకుని నాక్కుంటూ తిన్నారు."

ఎందుకు అంత వివరంగా చెప్పానో ఇప్పటికీ తెలియదు. తిన్నారు అంటే చాలేది. మామ మొహం వెలిగిపోయింది. ఆ డబ్బా కోయంబత్తూరులో మా స్టాఫ్ రూములో ఒక్క పూటలో ఖాళీ అయింది.

రెండో శనివారం నాలుగున్నరకే లేపాను. పళని దగ్గరికి రాగానే కారు మళ్ళీ పక్కకు తిరిగింది. "ఈసారి నేరుగా పోదాం మామా. పోయిన నెలే కదా ఎక్కావు, సామి మరిచిపోయుంటాడా?" అన్నాను. "నీకేం తెలుసు, ఉండు. ఉత్త చేతుల్తో పోతామా?" అన్నాడు. సాకు అనుకున్నాను. మూడో శనివారం బతిమాలాను. నాలుగో శనివారం ఎండాకాలం సెలవుల జనం, నాలుగు గంటలు పట్టింది. ఆ రోజు కారు తలుపు ఎంత గట్టిగా వేశానంటే పక్కన పూలమ్మే ఆవిడ తిరిగి చూసింది. అయిదోసారి మాట్లాడటమే మానేశాను. ఆయన మెట్ల వైపు ఒక పక్కకు ఒరుగుతూ నడిచి పోతుంటే కూడా నాకు జాలి వేయలేదు. ఈ మనిషి భక్తి నా చదువును మింగేస్తోంది అన్నదొక్కటే మనసులో ఉంది.

ప్రతిసారీ ఒక డబ్బా, ప్రతిసారీ ఒక అబద్ధం. ఒకసారి "ఇంకోటి దొరుకుతుందా అని అడిగారు" అని కూడా అన్నాను.

అయిదు శనివారాలకు మేం చదివింది అయిదు పేజీలు. ఫాదర్‌కీ నాకూ మధ్య ఒక వాదన కూడా నడుస్తోంది. ఆ పాతవాళ్ళు చెప్పిన దారికి రెండు సగాలున్నాయి. ఎదుట పెట్టింది ఎక్కడిదని అడక్కుండా తిను, ఇది మొదటిది. ఎవరైనా ఇది దేవుడికి పెట్టిందని నోరు తెరిచి చెబితే మాత్రం మానెయ్యి, నీ కోసం కాదు, చెప్పినవాడి కోసం. నాకు మొదటి సగం బాగా నచ్చింది. అడక్కు, చెప్పకు, అందరూ సుఖంగా ఉంటారు. నా అధ్యాయం అంతా దాని మీదే అల్లుకున్నాను. రెండో సగం మొహమాటం లేని మొరటుతనంలా తోచింది. ఫాదర్ మాత్రం ప్రతిసారీ, "నువ్వు సగమే చదువుతున్నావమ్మా. అసలు సంగతి వెనక పేజీల్లో ఉంది, అక్కడికి పోనీ" అనేవారు. ఆ వెనక పేజీలకే మేం చేరలేకపోయాం.

ఆరో శనివారం ఆఖరిది. మంగళవారం ఫాదర్ వెళ్ళిపోతున్నారు. పళనిలో మామ ఎక్కి దిగేసరికి తొమ్మిదిన్నర దాటింది, మబ్బుకి ఘాట్ రోడ్డులో బండ్లు పాకుతున్నాయి, కొడై చేరేసరికి పన్నెండు కావస్తోంది. నేను కారు ఆగకముందే దిగి పరుగెత్తాను. కాగితాలు పరిచి కూర్చున్నామో లేదో, మామ గుమ్మంలో నిలబడ్డాడు. ఆరు నెలల్లో లోపలికి రావడం అదే మొదటిసారి. చెప్పులు బయట విడిచాడు. చేతిలో డబ్బా.

"సామీ, ఆఖరిసారి కదా, నా చేత్తోనే ఇద్దామని వచ్చినా. పళని పంచామృతం. ఈ పొద్దే అర్చన చేసింది" అని తమిళంలో చెప్పాడు.

నేను లేచి ఆ డబ్బా లాక్కోబోయాను. ఫాదర్ అప్పటికే రెండు చేతులతో అందుకున్నారు. మూత మీద వేళ్ళతో తడిమి, బల్ల మీద పెట్టి, మామ వైపు తిరిగారు.

"అయ్యా, మీరు ఇంత ప్రేమగా తెచ్చారు. నేను దీన్ని తినకూడదు. మీ దేవుడికి పెట్టిందని మీరే చెప్పారు కదా. ఊరికే తింటే మీ దేవుడూ నా దేవుడూ ఒకటే అని మీకు తమాషాగా చెప్పినట్టవుతుంది. మీ భక్తి అంత తేలికది కాదు."

నేను కళ్ళు మూసుకున్నాను. ఇక అన్నూరు దాకా పోతుంది అనుకున్నాను.

మామ ఏమాత్రం నొచ్చుకోలేదు. "సరి సామీ, అది న్యాయమే. నేను కూడా మీ టీ తాగలేదు కదా. శనివారం నాకు ఒక్కపొద్దు" అన్నాడు.

"ఒక్కపొద్దా? షుగర్ అని విన్నానే" అన్నారు ఫాదర్.

"షుగరా? నాకా?" మామ నవ్వాడు. తర్వాత నవ్వు ఆగిపోయింది. డబ్బా వైపు చూశాడు, నా వైపు చూశాడు. "అప్పుడు, ముందర అయిదు డబ్బాలు? మీరు వేలితో నాకి తినినారని పాప సెప్పిందే."

నేను కాగితాల మీద ఒక అక్షరం వైపు చూస్తూ కూర్చున్నాను. మామ మెల్లిగా గోడ పక్కనున్న బెంచీ మీద కూర్చుని మోకాలు రుద్దుకున్నాడు. ఈసారి తెలుగులో, నాతో అన్నాడు.

"ఏంటికి పాపా సెప్పలేదు? డాక్టరు మెట్లే ఎక్కొద్దన్నాడు నన్ను. మొదటిసారి ఎక్కినా, సరి, మొక్కు అయిపొయ్యింది. తర్వాత కిందనే కర్పూరం ఎలిగించి పోయుందును. సామియారు ఆశగా తింటాడని సెప్పినావే, దానికోసరం కదా ఎక్కినా."

ఫాదర్‌కి తెలుగు రాదు. మామ చేయి మోకాలి మీదా, కిటికీలోంచి కొండ దిగువ వైపూ పోవడం చూసి అర్థం చేసుకున్నట్టున్నారు. "ఆ మెట్లు ఎక్కి దిగడానికి ఎంతసేపు పడుతుంది?" అని తమిళంలో అడిగారు.

"మూడు గంటలు సామీ."

ఫాదర్ తల ఊపి భూతద్దం అందుకున్నారు. నన్ను తిట్టి ఉంటే బాగుండేది. "రా అమ్మా, ఉన్నంత చదువుదాం" అన్నారు. ఏడు లైన్లు చదివాం. ఎనిమిదో లైనులో ఆయన కళ్ళజోడు తీసి రుమాలుతో అద్దుకుని, మళ్ళీ పెట్టుకుని, మళ్ళీ తీశారు. "ఇక కనపడటం లేదమ్మా" అన్నారు.

దారిలో నాకు కడుపు తిప్పి కారు ఆపమన్నాను. మామ దిగి వచ్చి, చిన్నప్పటిలాగే నా నుదురు పట్టుకుని, నీళ్ళు పోశాడు. అప్పుడైనా తిడతాడనుకున్నాను. "ఆ పెద్దాయన ఎంత బాగా వద్దన్నాడు సూడు" అన్నాడు, అంతే. ఆరు నెలలు ఇద్దరు ముసలివాళ్ళను ఒకరి నుంచి ఒకరిని కాపాడాననుకున్నాను. వాళ్ళకు అయిదు నిమిషాలు చాలాయి.

మిగిలిన పేజీలు నేను ఇంట్లో నిఘంటువు పెట్టుకుని ఒక్కదాన్నే చదివాను. చెప్పినవాడి కోసం మానేయడం అంటే ఏమిటో ఆ ఉపదేశకుడు అక్కడే వివరిస్తాడు. మూడు చోట్ల వాక్యం ఎటు తిరుగుతోందో నాకు ఇప్పటికీ తెలియదు. ఫాదర్‌కి ఫోనులో చదివి వినిపించబోయాను, ఇప్పుడు చెవులు కూడా సరిగ్గా వినపడటం లేదు ఆయనకు. పక్కన కూర్చుని వేలు పెట్టి చూపిస్తూ చదివితే ఒక్క పొద్దు చాలేది. నా చేతిలో అలాంటి పొద్దులు అయిదు ఉండేవి.