మామిడికాయల ఆట, పాత మౌస్

2021 మొదట్లో సంగతి. లాల్‌దర్వాజాలో నా కంప్యూటర్ రిపేర్ దుకాణానికి ఆ నెలంతా ఒకటే ఫిర్యాదు: పాత ఆటలు తెరుచుకోవడం లేదని. బ్రౌజర్‌లో ఆ ఆటలను నడిపించే ఫ్లాష్ ప్లేయర్‌ను తయారుచేసిన కంపెనీయే ఆపేసింది. ఫోన్లో వేరే ఆట వేసుకోమని చాలామందిని పంపేశాను.

పక్క గల్లీ లలిత మాత్రం కదల్లేదు. సీపీయూ, మౌస్ ఆటోలో వేసుకొచ్చింది.

"గట్లంటే ఎట్లన్నా? పక్షవాతం వచ్చి మా బాపు కుడిచెయ్యి పడిపోయింది. గీ ఆట ఆడంగ ఆడంగనే వేళ్లు కదలవట్టినయ్. ఇది బంద్ అయినకాంచి చెయ్యి ఒళ్లె పెట్టుకొని కూసుంటుండు. వేరే కసరత్తు చెయ్యమంటే మస్తు లొల్లి."

ఆమె తండ్రి నర్సింగరావు, రిటైరైన కరెంటు లైన్‌మన్. చెట్టు మీంచి పడే మామిడికాయలను మౌస్‌తో బుట్ట జరుపుతూ పట్టడం ఆయన ఆట. స్తంభాలెక్కిన మనిషి అలా కూర్చోవడం తలచుకుంటే మనసాగలేదు. పాత ఆటలను నడిపించే ఎమ్యులేటర్ అనే సాఫ్ట్‌వేర్ వేసి ఆటను లేపాను.

అంతటితో ఆగితే నేను నేనెందుకవుతాను? అడగకపోయినా బాగుచేయడం మా వృత్తికి పట్టిన జబ్బు. కింద రబ్బరు బంతి ఉన్న ఆయన బరువైన మౌస్‌ను తుక్కు డబ్బాలో పడేసి, తేలికైన కొత్తది తగిలించాను.

వాళ్లింట్లో అంతా బిగించాక ఆయన మౌస్ మీద చెయ్యి వేశారు. బుట్ట తెర ఆ చివరకు జారిపోయింది. అందులో ఒక్క కాయా పడలేదు. సెట్టింగుల్లో స్పీడు తగ్గించినా, వణికే వేళ్ల కింద మౌస్ నిలవలేదు. ఆయన చెయ్యి తీసి ఒళ్లో పెట్టుకున్నారు.

"నా చెయ్యి మళ్ల పోయిందా బిడ్డా?" అని లలితను అడిగారు.

ఆయన చెయ్యి ఆ పాత మౌస్ బరువుకే అలవాటు పడిందని నాకప్పుడు తట్టింది. చచ్చేంత సిగ్గేసింది.

"చెయ్యి మంచిగనే ఉంది బాపు. తప్పు నాది. ఫికర్ చెయ్యకు" అని దుకాణానికి పరుగెత్తాను. తుక్కు డబ్బా నేలమీద బోర్లించి, వైర్ల చిక్కులోంచి ఆ మౌస్ లాగి, బంతికి పట్టిన మట్టి తుడిచి తెచ్చి తగిలించాను.

మొదటి కాయ పోయింది. రెండోది బుట్టలో పడింది. తర్వాత వరుసగా నాలుగు. ఆయన మమ్మల్ని మరిచిపోయి ఆడుతూనే ఉన్నారు. లలిత కొంగుతో కళ్లు తుడుచుకుంది.

ఇప్పుడు నా బల్ల మీదికి ఏ కంప్యూటర్ వచ్చినా ఏం చెడిందని అడుగుతాను. స్క్రూడ్రైవర్ పట్టేముందు ఇంకో మాట కూడా అడుగుతాను: "దీంట్ల ఏది ముట్టొద్దు?"