చింతపిక్కల ఎన్నిక

1927 కార్తీకంలో నన్ను ముంచింగిపుట్టు వైపు ఏజెన్సీకి పంపారు. అప్పుడు నేను రాజనీతి చెప్పే చిన్న లెక్చరర్ని, ఎన్నికల పద్ధతులు నా ప్రత్యేక విషయం. కొండవాళ్లకు ఓటు లేదు. వాళ్ల తరఫున శాసనమండలిలో కూర్చోవడానికి సర్కారు నియమించిన పెద్దమనిషి ఘాటీ ఎక్కిన పాపాన పోలేదు. వీళ్లకు ఓటేసే తెలివి ఉందో లేదో పరీక్షించి వచ్చే పని సర్కారు మా ఆచార్యుడికి అప్పగించింది. నేను ఆయన సహాయకుణ్ణి.

ఆయన స్విట్జర్లాండు ఎన్నికల మీద గంటలకొద్దీ మాట్లాడగలడు. మద్రాసులో ఒక్క పోలింగు గది గడప మాత్రం తొక్కలేదు. డోలీలో పడుకుని కొండెక్కాడు. మోసినవాళ్లది వెట్టి, అంటే కూలి లేని చాకిరీ.

ఊరివాళ్లకు చదువు రాదు కనుక బ్యాలెట్ కాగితాలకు బదులు చింతపిక్కలు, పెట్టెలకు బదులు ఆయన తిని ఖాళీ చేసిన రెండు బిస్కెట్ల డబ్బాలు. ఇంటికొక పిక్క. నిజంగా మీకు పట్టిన విషయం ఒకటి చెప్పండి, దాని మీద ఓటేద్దాం అన్నాడు ఆచార్యుడు.

"ఏది గెలిత్తే అదే జరుగుతాదా బాబూ?" అని ఊరి పెద్ద అయిన నాయుడు అడిగాడు. జరుగుతుందని ఈయన మాటిచ్చేశాడు.

అప్పటిదాకా అధికారుల సామాను మోత ఇంటింటికీ వంతులవారీగా తిరిగేది. ఈ ఏడు మోతంతా పెద్ద ఊరు చెయ్యాలా, వాగు కింది పల్లె చెయ్యాలా? నాయుడు పెట్టిన ప్రశ్న అది. వాగు కింద ఉన్నవి మూడే ఇళ్లు. ఇది ఎన్నిక కాదు, ముందే తెలిసిన తీర్పు అని నేను చెప్పాను. మెజారిటీ అంటే అదేనయ్యా, పుస్తకం తెరిచి చూడు అన్నాడు ఆచార్యుడు. వాళ్ల వంతుల పద్ధతే మన పుస్తకాల్లోవాటికన్నా న్యాయంగా ఉందని తోచడానికి పెద్ద చదువక్కర్లేదు. పెద్ద చదువే ఆయనకు అడ్డొచ్చింది.

కింది పల్లె పెద్ద సింబోయి పిక్క చేతిలో పట్టుకుని నిలబడిపోయాడు. "వలిసెలు కోతకొచ్చినాయి బాబూ. మూడు కొంపలోళ్లమూ మోతకి పోతే సేనెవులు కోత్తారు?" అన్నాడు. ఓటు రహస్యంగా వేయాలి, మాట్లాడకూడదని ఆచార్యుడు మందలించాడు. సింబోయి పిక్క వేసి వెళ్లిపోయాడు.

ఒక డబ్బా గలగలలాడింది, రెండోదాంట్లో మూడు పిక్కలు. మర్నాటి నుంచి మా మూటలు ఆ మూడిళ్లవాళ్లే ఎత్తారు. ఓడినవారు ఎదురు చెప్పలేదు, వీరి పరిపక్వతకు ఇదే నిదర్శనం అని ఆచార్యుడు రిపోర్టు రాశాడు. దానికి మెప్పు వచ్చింది. కొండకు ఓటు మాత్రం రాలేదు.

పై ఏడు వేరే పని మీద ఆ ఊరు వెళ్లాను. వాగు కింద పొయ్యిల్లో గడ్డి మొలిచింది. చేలో కిందటేటి వలిసె గింజలు కోయకుండానే రాలిపోయాయట.

"జయపురం వేపు పోనారు బాబూ, పిల్లా పాపల్తో. ఇప్పుడు మోతంతా మాదే" అన్నాడు నాయుడు. ఎన్నిక పెట్టిన మమ్మల్ని తిట్టినా బాగుండేది.

ఆ తరువాత ముప్పై ఏళ్లు ఎన్నికల పద్ధతులే బోధించాను. ఏ పద్ధతి మంచిదని విద్యార్థులు అడిగితే, గెలిచినవాడి మెజారిటీ చూడవద్దనేవాణ్ణి. ఓడినవాడు మరుసటి ఏడు ఆ ఊళ్లోనే ఉన్నాడో లేదో చూసి రమ్మనేవాణ్ణి.