భూమికి వెల కట్టిన మేష్ట్రు

మా మేష్ట్రు పోయారు. సోమవారం పొద్దున పావగడ బస్సు కండక్టరు మా అంగన్‌వాడీకి వచ్చిన మూట దించుతూ, "అక్కా, నీకు పాఠం చెప్పిన మేష్ట్రు లేడంట. శనివారం పోయినాడంట. నిన్న మన్ను చేసేసినారంట" అన్నాడు. ఆయన సొంతూరు తుమకూరు అవతల. ఇక వెళ్ళి చూసేదేమీ లేదు. పిల్లలకు తిండి పెట్టి పంపించి, మధ్యాహ్నం ఇంటికి వెళ్ళి మా నాయనకు చెప్పాను. నాయన తువ్వాలు భుజాన వేసుకుని లేచాడు. ఆయన లేచి ఎక్కడికి వెళ్ళాడో చెప్పాలంటే ముందు మేష్ట్రు సంగతి చెప్పాలి.

మాది పావగడ దగ్గర, సరిహద్దులో ఉన్న నాగలమడిక. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం. మేష్ట్రు కన్నడం మనిషి. తెలుగు మా దగ్గరే నేర్చుకున్నారు కాబట్టి మా తిట్లతో సహా వచ్చేసింది. ఊళ్ళో ఆయనకు పిసినారి అని పేరు. పెన్సిలు వేళ్ళకు అందనంత అరిగిపోతే ఆముదపు పుల్లలో దోపి ఇంకో నెల రాసేవారు. హోటల్లో టీకి ముందు ఊరికే ఇచ్చే గ్లాసెడు నీళ్ళు తాగి, "దీని బెలె ఎంతప్పా?" అని అడిగేవారు. హోటలాయన నవ్వి ఊరుకునేవాడు. మేష్ట్రు మాత్రం నవ్వులాటకు అడిగేవారు కాదు.

ఎనభైల నడుమ వరసగా మూడో కరువు అది. వేరుశనగ వేసిన వాళ్ళకు విత్తనం కూడా తిరిగి రాలేదు. నేను ఆరో తరగతి. ఒకరోజు మేష్ట్రు పాఠం మానేసి, "పొలానికి బ్యాంకువాళ్ళు వెల కడతారు. కాయలకు షావుకారు కడతాడు. ఈ మొత్తం భూమికి ఎవరైనా కట్టినారా? మనం కడదాం" అన్నారు. తలా ఒకటి పంచారు. ఒకరికి వాన, ఒకరికి ఎండ, ఒకరికి కానుగ చెట్ల నీడ. ఏటి ఒడ్డున మాకు ఇసుక మేట వేసిన రెండెకరాలు ఉన్నాయి కాబట్టి నాకు ఇసుక ఇచ్చారు.

మరునాడు లెక్కలు వచ్చాయి. ఎండ తీసుకున్నవాడు, ఇంటి కాయలన్నీ పొయ్యి మీద ఆరబెట్టాలంటే ఎన్ని మోపుల కట్టెలు కావాలో రాసుకొచ్చాడు. వాన లెక్క మేష్ట్రే దగ్గరుండి వేయించారు. ఎకరాకు అంగుళం వాన పడితే దగ్గర దగ్గర ఏడు వేల బిందెల నీళ్ళు. హోటలుకు నీళ్ళు మోస్తే బిందెకు పావలా. అంటే పదిహేడు వందల యాభై రూపాయలు. అప్పట్లో మా మెట్ట ఎకరా రెండు వేలు పలికితే గొప్ప. ఒక్క మంచి వాన ఇంచుమించు పొలమంత ఖరీదని తెలిసి మేమంతా నోళ్ళు తెరిచాం.

నా వంతు వచ్చింది. నేను రాసింది ఒకటే వాక్యం: ఇసుకకు బెళె ఏమీ లేదు.

కన్నడంలో బెలె అంటే వెల. బెళె అంటే పంట. మా నోళ్ళలో ల, ళ రెండూ ఒకటే. నీళ్ళను కూడా నీల్లనే అంటాం. ఆయన బెలె అని చెప్పింది నేను బెళె అని విని, ఇసుకలో పంటేముంది, సున్నా అని రాసేశాను. పిల్లలు నవ్వారు. మేష్ట్రు నవ్వలేదు. "దీని తప్పు ఒక్క అక్షరమే. ఊరంతా చేసే తప్పు కూడా ఇదే. బెళె రాకుంటే బెలె లేదంటారు" అన్నారు.

బోర్డు మీద అన్నీ కూడుతూ పోయి చివరి గీత దగ్గర ఆగిపోయారు. వెనక బెంచీ నుంచి ఒకడు, "సార్, భూమినంతా అమ్మినోడు ఆ దుడ్డు లెక్కబెట్టుకునేకి యాడ కూసుంటాడు?" అని అడిగాడు. మేష్ట్రు కళ్ళలో నీళ్ళు వచ్చేదాకా నవ్వి, వాడికి పదికి పది వేశారు. మొత్తం ఎంతన్నది మాత్రం ఖాళీగానే వదిలేశారు.

ఇక్కడితో అయిపోతే అదొక బడి కథ. కానీ ఆ వారమే ఒక ఇసుక కాంట్రాక్టరు మా ఇంటికి వచ్చాడు. లారీ లోడుకు ఇరవై రూపాయలు, ఎన్ని లోడ్లు తేలితే అన్ని అన్నాడు. నాయనకు అది దేవుడిచ్చిన వరంలా కనిపించింది. నేను బడిలో నోరు జారాను. ఆదివారం పొద్దునే మేష్ట్రు మా గుమ్మంలో ఉన్నారు.

"ఇసుకలో ఏం పండుతాది సార్? గరిక గూడా మొలవదు. ఇత్తనం కాయలు కొనాల, యాడనుంచి తెచ్చేది?" అన్నాడు నాయన.

మేష్ట్రు వాదించలేదు. బిందె నిండా ఎండిన ఇసుక పోయించి, చెంబుతో నీళ్ళు పోయమని నాకు చెప్పారు. తొమ్మిది చెంబులు పట్టే బిందె. నిండా ఇసుక ఉండగా కూడా మూడు చెంబులు తాగింది. ఆ పైన లెక్క నేను వేశాను. లారీకి మూడు వందల ముప్పై బిందెల ఇసుక. అందులో నూట పది బిందెల నీళ్ళు. పావలా చొప్పున ఇరవై ఏడున్నర. అదీ ఏరు ఒక్కసారి పారితే. పారినప్పుడల్లా మళ్ళీ అంత.

"నీల్లు సరే సార్. నోట్లోకి ఏంది పెట్టేది?" అన్నాడు నాయన.

అప్పటిదాకా గడప దగ్గర చేటతో కూర్చున్న అమ్మ, "చెలమ నీల్లు మోసే నెత్తి నాది. దాని బెలె నన్నడుగు" అంది. ఎండాకాలం ముప్పై ఇళ్ళకు ఆ మేటలో తవ్విన చెలమలే దిక్కు. రెండు రోజులు ఏటి ఒడ్డున తిరిగి, మూడో రోజు నాయన కాంట్రాక్టరును పంపించేశాడు.

గెలిచామనుకోకండి. విత్తనం కొనలేక ఆ ఏడు పొలం బీడు పెట్టాం. నాయన బెంగుళూరికి కూలికి వెళ్ళాడు. రెండేళ్ళు అక్కడే. నేను బడి మానేసి మేకల వెనక తిరిగాను. మేష్ట్రు మీద నాకు చెప్పలేనంత కోపంగా ఉండేది. ఎదురుపడితే సందులోకి తప్పుకునేదాన్ని. నేలకు విలువ కట్టడం ఆయన పని, ఆకలి మా పని అనిపించేది.

మొదటి ఉగాదికి నాయన ఇంటికి వచ్చినప్పుడు మేష్ట్రు పలకరించడానికి వచ్చారు. ఏం పని చేస్తున్నావని అడిగారు.

"ఇసక మోస్తాండా సార్" అన్నాడు నాయన. "మేడలు కడతాండారు గదా. బాండ్లీకి నింపేది, మూడో అంతస్తుకి ఎక్కించేది. ఏ ఊరి ఏటిదో ఏమో." చెప్పి తనే నవ్వాడు.

"ఇది నేను లెక్కలో వేయలేదప్పా" అన్నారు మేష్ట్రు. "ఇసుకకు బెలె కట్టినాను. దాన్ని అమ్మకుండా ఉండేటోడి కూలి కట్టలేదు." ఒక మేష్ట్రు తన లెక్క తప్పని ఒప్పుకోవడం నేను అంతకుముందు చూడలేదు, తర్వాతా చూడలేదు.

ఆ వచ్చే ఆదివారం నుంచి మేకలు మేసే చోటికే పుస్తకాలు తెచ్చారు. మేకలు చెదిరితే ఆయనే పంచె ఎగ్గట్టి తోలుకొచ్చేవారు. ఏడో తరగతి ప్రైవేటుగా కట్టించారు, ఆ తర్వాత పదో తరగతి కూడా. ఈ అంగన్‌వాడీ ఉద్యోగం ఆ ఆదివారాల పుణ్యమే. బదిలీ అయి వెళ్ళేటప్పుడు ఏమైనా ఇద్దామంటే, "ఇచ్చేదేమొద్దు, పిల్లలకు ళ పలకడం నేర్పు చాలు" అన్నారు. నేర్పుతున్నాను. మేటను అమ్ముకున్న అవతలి ఒడ్డున ఇప్పుడు నిలువులోతు తవ్వినా బంకమన్నే తగులుతోంది. మా మేటలో మోచేతిలోతుకు నీళ్ళు.

సోమవారం మధ్యాహ్నం నాయన లేచి వెళ్ళింది అక్కడికే. బిందె తీసుకున్నాడు. అమ్మా, నేనూ వెనకాలే వెళ్ళాం. చేతులతో ఇసుక తోడి చెలమ చేశాడు. ఊరిన నీళ్ళు బిందెకు పట్టి, కట్టుబట్టలతోనే నెత్తిన గుమ్మరించుకున్నాడు. చావు కబురు విని మా వైపు అలా తలకు పోసుకునేది అయినవాళ్ళే, పరాయివాళ్ళు పోసుకోరు.

"ఆయప్ప మనకేమైతాడని పోసుకుంటాండావు? మన దాయాదా ఏంది?" అని ఒడ్డు మీంచి అడిగింది అమ్మ.

ఒక్క బిందెకే చెలమ అడుగంటింది. మళ్ళీ పోసుకోవడానికి రెండో బిందెకు నీళ్ళు ఊరేదాకా నాయన తడిబట్టలతో ఆ ఇసుకలోనే నిలబడ్డాడు.