సిరా తగలని చెక్క

నాకు చెక్కబొమ్మల పిచ్చి పుస్తకాల్లోంచి అంటుకుంది. సూర్యాపేటలో ఒక బళ్ళో డ్రాయింగు మాస్టారుగా పనిచేస్తున్నాను. నెలకోసారి హైదరాబాదు పోయి, పాత పుస్తకాల వాళ్ళ ముందు గొంతుక్కూర్చుని, చెక్క మీద బొమ్మ చెక్కి కాగితం మీద అచ్చు తీసే కళాకారుల గురించి దొరికిన పుస్తకమల్లా మోసుకొచ్చేవాణ్ణి. రెండు బీరువాలు నిండాయి. ఏ దేశంలో ఏ చెట్టు కొయ్య వాడతారో, ఉలి ఎంత వాలుగా పట్టుకుంటారో అడిగితే గడగడా చెప్పేవాణ్ణి. స్టాఫ్ రూములో ఎవరూ అడక్కపోయినా చెప్పేవాణ్ణి. నేను కాస్త గొప్పలు పోయే మనిషిని, ముందే ఒప్పుకుంటే మంచిది. ఇన్ని చదివి కూడా, చెక్కే మనిషిని ఒక్కణ్ణయినా కళ్ళతో చూసింది లేదు.

మిర్యాలగూడలో మా బంధువుల రైస్‌మిల్లు ఉంది. ఏదో ఫంక్షనుకు పోయినప్పుడు గోదాములో ఒక మూల దుమ్ము కొట్టుకుపోయిన టేకు దిమ్మలు కనిపించాయి. తుడిచి చూస్తే ఒకదాని మీద నెమలి, ఒకదాని మీద వరికంకి. ప్లాస్టిక్ సంచులు రాకముందు గోనె బస్తాల మీద మిల్లు గుర్తు వీటితోనే అద్దేవాళ్ళట. "ఇవన్నీ కోదాడ పెద్దాయన చెక్కినయి సార్. మనిషి ఇంకా ఉన్నడు. కండ్లే కనవడవు" అన్నాడు గుమస్తా. ఆ మాట విని నాకు భోజనం మీద ధ్యాస లేకుండా పోయింది.

ఆ తర్వాతి ఆదివారమే కోదాడ బస్సెక్కాను. పెద్దాయన చిలుకూరులో గొర్లు, గొడ్లు మేపుకునే ఇంట్లో పుట్టాడు. మేతకు పోయిన చోట పుల్లలు చెక్కుతూ చేయి తిప్పుకున్నాడు. నీటికాసులొచ్చి చూపు పోయి నాలుగేళ్ళయింది. ఇప్పుడు కోదాడలో కొడుకు, కోడలి దగ్గర ఉంటున్నాడు. నేను పుస్తకాల సంగతులు చెప్తుంటే ఓపిగ్గా విని, తలగడ పక్క నుంచి గుడ్డలో చుట్టిన చెక్క ఒకటి తీసి నా చేతిలో పెట్టాడు.

అరచేతి కంటే కాస్త పెద్దది. ఆవు, దాని పొదుగు కింద దూడ. దూడ మెడ మీద వెంట్రుకలు ఒక్కొక్కటీ పైకి తేలి కనిపిస్తున్నాయి. నా రెండు బీరువాల్లో అలాంటి పని చూడలేదు.

"మిల్లు సేటు ఆవూ దూడ గుర్తు కావాలన్నడు సారూ. నేను మురిసి మురిసి చెక్కిన. గోనె మీద ఈ వెంట్రుకలు యాడ వడ్తయయ్యా, మామూలుది చెక్కు అన్నడు. సరే అని మోటుది ఇంకొకటి చెక్కిచ్చి, దీన్ని నాకాడ ఉంచుకున్న" అన్నాడు.

ఆయన రోజూ పొద్దున చాయ్ తాగాక ఆ చెక్కను ఒళ్ళో పెట్టుకుని బొటనవేలితో తడుముతాడట. నా ముందు కూడా తడిమి చూపించాడు. కొమ్ము, గంగడోలు, దూడ చెవి, మెడ. వేలు పోయిన చోటల్లా ఆయన మొహం మారుతోంది. "ఇదొక్కటే కనవడ్తది నాకిప్పుడు" అన్నాడు.

మన ప్రాంతం చెక్కడం పనివాళ్ళ మీద చిన్న పుస్తకం రాస్తున్నానని, ఫొటోలకు వారం రోజులు ఇమ్మని అడిగాను. చెక్కను గుడ్డలో చుట్టాడు, విప్పాడు, మళ్ళీ చుట్టాడు. చివరికి, "తీస్కపోండ్రి. గని సిరా తగలనియ్యకుండ్రి. అద్దనీకి చెక్కింది కాదిది" అన్నాడు. అలాగే అన్నాను. ఆయన చేతిలో చెయ్యి వేసి మరీ అన్నాను.

సూర్యాపేటలో ఎన్ని ఫొటోలు తీసినా ముదురు రంగు చెక్క మీద వెంట్రుకలు తేలలేదు. నా పుస్తకాలన్నీ ఒకటే చెప్తున్నాయి: చెక్కడం సగం పనే, అచ్చు తీస్తేనే బొమ్మ పూర్తయినట్టు. రెండు రోజులు ఊరుకున్నాను. మూడో రోజు బడి వదిలాక డ్రాయింగు రూము తలుపు గడియ పెట్టి, రోలరుతో నల్లసిరా పూశాను. చేస్తున్నది తప్పని తెలియని వాడైతే గడియ ఎందుకు పెడతాడు?

అచ్చు అద్భుతంగా వచ్చింది. సిగ్గు లేకుండా చెప్తున్నా, కాగితం లేపి చూసినప్పుడు నాకు ఆనందంతో కళ్ళు చెమర్చాయి.

ఆ తర్వాత కడగడం మొదలుపెట్టాను. కిరసనాయిలు పోసి పాత టూత్‌బ్రష్షుతో రుద్దాను. వెంట్రుకల సందుల్లో సిరా వదల్లేదు. వేడినీళ్ళు, సబ్బు పెట్టి మళ్ళీ రుద్దాను. ఆరితే చాలని ఎండలో పెట్టాను. ఇన్ని పుస్తకాలు చదివినవాణ్ణి, తడిసిన చెక్కను ఎండలో పెడితే ఏమవుతుందో మా పక్కింటి వడ్రంగిని అడిగినా చెప్పేవాడు. దూడ మెడ మీద వెంట్రుకలు కొన్ని లేచి, వేలు తగిలితే రాలిపోయాయి. ఐదు పోయాయని లెక్కపెట్టుకున్నాను. వాసన పోవడానికి కొబ్బరినూనె రాసి, ఆయన గుడ్డలోనే చుట్టి పట్టుకుపోయాను.

పెద్దాయన చెక్కను ఒళ్ళో పెట్టుకుని తడిమాడు. కొమ్ము, గంగడోలు, చెవి. మెడ దగ్గర వేలు ఆగింది. వెనక్కి పోయి మళ్ళీ వచ్చింది.

"సారూ, సిరా పెట్టిన్రా?"

"లేదు పెద్దయ్యా" అన్నాను.

ఇంకోసారి తడిమాడు. ఆ తర్వాత బొటనవేలిని చొక్కాకు తుడుచుకుని, ఎడమచేతి వేలితో చూశాడు. "అయితే నా వేలే మొద్దువారింది. కండ్లు వాయె, ఇగ వేళ్ళు గూడ వాయె" అన్నాడు. కోడలిని పిలిచి దాన్ని సజ్జ మీద పెట్టమన్నాడు.

ఒక్కమాట చెప్తే సరిపోయేది. సారు అంటూ మంచం మీద దుప్పటి పరిచి కూర్చోబెట్టిన ఇంట్లో దొంగనని ఎలా చెప్పను? ఆ ఇంట్లో ఇచ్చిన చాయ్ తాగి, గ్లాసు కింద పెట్టి వచ్చేశాను.

పుస్తకం వచ్చింది. అట్ట మీద ఆ ఆవూ దూడే. సూర్యాపేటలో సభ పెట్టి నాకు శాలువా కప్పారు. మాట్లాడిన ప్రతివాళ్ళూ ఆ అచ్చును పైకెత్తి చూపించారు. చప్పట్లు కొట్టినప్పుడల్లా నేను బల్ల మీది గుడ్డ అంచు సర్దుకుంటూ కూర్చున్నాను. పెద్దాయనకు పుస్తకం ఇవ్వాలి. పరీక్షలన్నాను, మోకాళ్ళ నొప్పి అన్నాను, నెల దాటించాను. ఆయనకు ఎలాగూ కనిపించదు కదా అని కూడా అనుకున్నాను. ఆ ఆలోచన గుర్తొస్తే ఇప్పటికీ నా మీద నాకే అసహ్యం వేస్తుంది.

చివరికి పోయాను. తలుపు తీసింది కోడలు, అటు ఆంధ్రా వైపు నుంచి వచ్చిన అమ్మాయి. పుస్తకం అందుకుని అట్ట చూసింది. నన్ను చూసింది.

"ఇది సిరా పూసి తీసిందే కదండీ?"

తల ఊపాను.

"మావయ్యగారు ఆర్నెల్లుగా ఆ చెక్క ముట్టుకోవట్లేదండీ. వేళ్ళు చచ్చిపోయాయంటున్నారు. అన్నం వేడిగా ఉందా చల్లగా ఉందా అని కూడా నన్నే అడుగుతున్నారు. మీరే చెప్పండి. నేను చెప్పను" అంది.

ఆయన మంచం మీద చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉన్నాడు. నిలబడే చెప్పాను. "పెద్దయ్యా, సిరా పెట్టిన. మీకు మాటిచ్చి తప్పిన. కడిగితే వెంట్రుకలు పోయినయి. ఆ రోజు అబద్ధం చెప్పిన."

తిడతాడనుకున్నాను. తిడితే బాగుండునని గుమ్మంలోనే అనుకున్నాను. ఆయన ఒళ్ళోంచి చేతులు తీసి, వేళ్ళు ఒకదానితో ఒకటి రాసి చూసుకున్నాడు.

"అంటే నా వేళ్ళు మంచిగనే ఉన్నయా సారూ?"

నేను జవాబు చెప్పేలోగానే, "అమ్మా, ఇన్నవా! నా వేళ్ళకేం గాలేదంట!" అని కోడలిని కేకేశాడు. చెక్క తెమ్మన్నాడు. సజ్జ మీది నుంచి నేనే దించి ఒళ్ళో పెట్టాను. బొటనవేలు తిన్నగా దూడ మెడ మీదికి పోయింది.

"ఏడు పోయినయి సారూ."

"ఐదు పెద్దయ్యా. నేను లెక్కవెట్టిన."

"ఏడు. జర మంచిగ సూడుండ్రి."

కళ్ళజోడు పెట్టుకుని, చెక్కను గుమ్మంలోకి వెలుతురుకు తీసుకుపోయాను. దూడ చెవి కింద ఇంకో రెండు విరిగి ఉన్నాయి. "ఏడే పెద్దయ్యా" అన్నాను. ఆ మాటకు ఆయన పడిన సంబరం చూసి నేను తల ఎత్తలేకపోయాను.