ఆదివారం నిద్ర

నాయుడుపేటలో దిండ్లు కుట్టే బీజాన్ జుట్టు నిండా బూరుగు దూదే. కూతురు చనిపోయాక, మనవరాలు షాహీన్ ఎవరి దగ్గర పెరగాలన్న కేసు తేలేదాకా పిల్లను ఆమె దగ్గరే ఉంచి, తండ్రి ఆదివారాలు వచ్చి చూసుకోవచ్చంది కోర్టు. మెలకువగా ఉంటే పిల్ల తండ్రి వెంట పోతానంటుందేమోనని బీజాన్ భయం. అందుకే ఆదివారం పొద్దున్నే తలంటి, సాంబ్రాణి పొగ వేసి, కడుపునిండా పెరుగన్నం పెడుతుంది. కృష్ణపట్నం నుంచి అల్లుడు కలీం వచ్చేసరికి పిల్ల నిద్రపోతూ ఉంటుంది.

ఈ వారమూ అంతే. "లేపేదా కలీం?" అంది, కుట్టు మీద నుంచి తలెత్తకుండా.

"వద్దులే అత్తా, పడుకోనీ." పిల్ల పక్కన కూర్చుని, కాసేపు విసనకర్రతో విసిరి వెళ్ళిపోయాడు.

అతను వీధి మలుపు తిరగ్గానే షాహీన్ కళ్ళు తెరిచింది.

"అమ్మమ్మా, నాయన పోయినాడా? ఇంక లేవనా?"

అలా నటించమని బీజాన్ ఏనాడూ చెప్పలేదు.