మావయ్యకు కనిపించని అక్షరాలు

మా మావయ్యకు అక్షరాలు కనిపించవు. చీమ కనిపిస్తుంది, చీమ మోసుకెళ్లే పంచదార పలుకు కనిపిస్తుంది, అక్షరం మాత్రం కనిపించదు.

ఆయన బైండింగు షాపు కాలేజీ గేటుకు ఎదురుగా ఉంటుంది. నాన్న పోయాక నన్ను తొమ్మిదో తరగతిలో బడి మానిపించి అక్కడ బంక పూసే పనిలో పెట్టారు. అమ్మ అప్పటికే మంచం పట్టింది. ఇద్దరిలో ఒకరినే చదివించగలం అన్నారు పెద్దవాళ్లు. తమ్ముడు చదివాడు.

మొదటిరోజే మావయ్య ఎవరిదో ప్రాజెక్టు రిపోర్టు నా ముందు పడేశాడు.

"చదువమ్మాయ్. పేజీలు వరసలో ఉన్నాయో లేదో తెలియాలిగా."

"అంకెలు చూస్తే తెలుస్తుంది కదా మావయ్యా?"

"అంకెలు అబద్ధాలాడతాయి. గట్టిగా చదువు."

ఒక్క దెబ్బకు సూదిలో దారం ఎక్కించి, కుట్టుకుంటూ వినేవాడు. మధ్యలో ఆపి, "ఆ ముక్క నాకెక్కలేదు, నీకు అర్థమైనట్టు చెప్పు" అనేవాడు. నాకు అర్థమైతే కదా! మళ్లీ చదివేదాన్ని. బస్సు బోర్డు, మందు సీసా, అన్నీ నేనే చదవాలి. ఒకసారి సొంత షాపు బోర్డే చదివించాడు.

"మనదేనా?"

"మనదే."

"అయితే పద లోపలికి."

అమ్మ ఎక్స్‌రే కాగితం కూడా నేనే చదివాను. ఆ ఒక్కరోజు మాత్రం అర్థం చెప్పమనలేదు.

పాపం, ఆయనకు చదువు రాదు, సిగ్గుపడి కళ్ల మీదికి నెట్టేస్తున్నాడు అనుకున్నాను. ఎవరికీ చెప్పలేదు. ఎనిమిదేళ్లు ఆయన పరువు కాపాడాను.

తమ్ముడి ఆఖరి సంవత్సరం ప్రాజెక్టు దూలాలు ఎందుకు విరుగుతాయన్నది. నాన్న మీద కూలింది కూడా దూలమే. వైవాలో మూడో అధ్యాయం అడిగేసరికి వాడికి నోరు పెగల్లేదు. ఫెయిల్ చేశారు. ఇంకొక్క అవకాశం ఉంది. అదీ పోతే ఆ ఏడాదికి డిగ్రీ లేదు. మరో సంవత్సరం ఆగడానికి అమ్మ దగ్గర అంత ఊపిరి లేదు.

రెండో వైవాకు ముందురోజు తమ్ముడు షాపుకొచ్చి కూలబడ్డాడు. "ఆ పేజీ తెరిస్తే నాన్నే కనిపిస్తున్నాడక్కా."

"తెరవకు. నేను చెప్తా, విను."

మావయ్యకు మూడుసార్లు చదివి వినిపించిన రిపోర్టే అది. అట్టముక్క వంచి, పగులు అడుగున ఎక్కడ మొదలవుతుందో చూపించాను. మావయ్య కుట్టు మీంచి తలెత్తలేదు.

"నాకెక్కలేదు. మళ్లీ చెప్పు."

నాలుగుసార్లు చెప్పించాడు. మర్నాడు తమ్ముడు గట్టెక్కాడు.

పట్టా ఇచ్చిన రోజు అమ్మ మంచం దిగలేకపోయింది. వాడే అద్దె గౌనుతో ఇంటికొచ్చి ఎదురుగా నిలబడ్డాడు. "నీకంటే గౌనే ఒళ్లు చేసిందిరా" అంది అమ్మ, దగ్గుకీ నవ్వుకీ మధ్య. కేకు కోశాం. పట్టా చేతులు మారుతూ మావయ్య దగ్గరికి వచ్చింది.

"ఇదేంట్రా! అడుగున సన్నక్షరాల్లో నీ పుట్టినతేదీ తప్పు వేశారు. పదకొండు కాదు, పదిహేడు. రేపే వెళ్లి మార్పించుకో."

నా చేతిలో కేకు ముక్క అలాగే ఆగిపోయింది. "మావయ్యా, నీకు చదవడం వచ్చా?"

"వాడికా?" అంది అమ్మ. "చిన్నప్పుడు వీధి మొత్తానికీ ఉత్తరాలు వాడే రాసిపెట్టేవాడు."

మావయ్య దొరికిపోయిన దొంగలా అటూ ఇటూ చూశాడు. తర్వాత గబగబా కళ్లు నులుముకుని పట్టా నా చేతిలో పెట్టాడు.

"ఏమిటో, మళ్లీ మసకేసింది. నువ్వు చదువమ్మాయ్. గట్టిగా."